బంగాళాదుంపల వేపుడు విషయమై

జూన్ 9

మరదలికి మీ బావ ఆశీర్వదించి తెలియజేయునది.

విషయం: బంగాళాదుంపల వేపుడు – తయారీ విధానం – వివరములు కోరుట గురించి.

మీ అక్క ఈ ఇంటి నుండి మీ ఇంటికి తరలి వెళ్ళిన సంగతి నీకు తెలిసినదే. తలుపు తీసినది నువ్వే గనుక. ఆ తరలింపుకు దారితీసిన పరిస్థితులపై ఆమె కథనం నీకు ఇప్పటికే అంది ఉంటుంది. నా కథనం క్లుప్తంగా ఇది. గిడ్డంగుల తనిఖీ శాఖలో పదవీ విరమణ చేసిన నాటి నుండి నేను మూడు పూటలా ఇంట్లోనే భోంచేస్తున్నాను. వడ్డించిన ప్రతి పదార్థం మీదా ఒక అభిప్రాయం తెలియజేయడం నా అలవాటు. ఏమీ అనకుండా తినేసి లేచిపోయేవాణ్ణి మా శాఖలో బాధ్యత గల మనిషిగా పరిగణించరు. ఆ రోజు వేపుడు తిని, "నిన్నటి వంకాయ కంటే కొంత మెరుగు" అన్నాను. ఇది మెచ్చుకోలు. నా నివేదికలో ఈ పాటి మాట కోసం గిడ్డంగి అధికారులు ఏళ్ళ తరబడి ఎదురుచూసేవారు. మీ అక్క గరిట కింద పెట్టి, "రేపట్నుంచి మీరే వండుకోండి, మీరే తినండి, ఎలా ఉందో మీకు మీరే చెప్పుకోండి" అని లోపలికి వెళ్ళి పెట్టె సర్దుకుంది. ఆవేశంలో అన్న మాట కదా అని నేను పెరుగన్నం కూడా ముగించాను. చెయ్యి కడుక్కుని వచ్చేసరికి ఆటో మలుపు తిరిగింది.

ఆమె మాటను తీరిగ్గా పరిశీలించాను. అందులో మూడు షరతులున్నాయి. మొదటిది నెరవేరితే తక్కిన రెండూ వాటంతటవే నెరవేరుతాయి. కాబట్టి నేను వండడం నేర్చుకున్న పక్షంలో ఆమె తిరిగి రావడానికి అభ్యంతరం ఉండదని నా అవగాహన. అన్నం సంగతి కుక్కరు చూసుకుంటోంది. వివాదానికి మూలమైన పదార్థం వేపుడు కనుక దానితోనే ప్రారంభించదలచాను. ఆమెను అడిగి విధానం రాసి పంపవలెను. ఫోన్ చేస్తే ఆమే ఎత్తి, నా గొంతు వినగానే పెట్టేస్తోంది. పైగా ఫోనులో అన్న మాటకు రేపు ఆధారం ఉండదు.

ఆమె మోకాళ్ళకు రాసుకునే నూనె ఇక్కడే ఉండిపోయింది. పంపమంటే పంపుతాను.

తగు చర్య నిమిత్తం,
మీ బావ


జూన్ 16

బావగారికి నమస్కారాలు.

మీ ఉత్తరం అదృష్టం కొద్దీ నేరుగా నా చేతికే అందింది. నేను కాలేజీలో తర్కశాస్త్రం చెప్పే మనిషిని. మూడు షరతుల గురించి మీరు చేసిన వాదనను రేపటి పాఠంలో వాడుకుంటాను. ఏ సందర్భంలో అని మాత్రం అడక్కండి.

ముందుగా ఒక మనవి. ఇకమీదట ఉత్తరాలు కాలేజీ చిరునామాకే రాయండి. ఇంటికి వస్తే మా ఆయన చింపి, భోజనాల దగ్గర పైకి చదివి వినిపిస్తారు. మీ గౌరవం కోసమే చెబుతున్నాను. నూనె పంపనక్కర్లేదు, మా ఆయన తమ మందుల షాపు నుంచి అంతకంటే ఘాటైనది తెచ్చి ఇచ్చారు.

అక్కను అడిగాను. మొదట మొహం తిప్పుకుంది. తర్వాత చెప్పింది. చెప్పింది చెప్పినట్టు రాస్తున్నాను. పచ్చి దుంపల చెక్కు తీసి, వేలి గోరంత ముక్కలు కోసి, నీళ్ళలో కాసేపు ఉంచాలి. తీసి గుడ్డ మీద పరిచి, తడి పూర్తిగా ఆరనివ్వాలి. మూకుట్లో నూనె బాగా కాగాక ముక్కలు వేసి, మూత పెట్టకుండా, ఊరికే కెలక్కుండా వేయించాలి. ఎర్రబడ్డాక తగినంత ఉప్పు, కారం. చివర్లో జీలకర్రా వెల్లుల్లీ కచ్చాపచ్చాగా దంచి వేసి వెంటనే దింపెయ్యాలి.

అక్క ఇక్కడ వంటింటి గడప తొక్కడం లేదు. వచ్చిన రోజే "నేను వండను" అంది. మా ఇంట్లో వంట మా ఆయనదని మీకు తెలుసు. "వండమని ఎవరన్నారు వదినగారూ, కూర్చోండి" అన్నారాయన. అప్పట్నుంచీ కూర్చునే ఉంది. మాకున్నవి రెండు గదులు. ముందు గదిలో నా పుస్తకాల బీరువాకు అడ్డంగా ఆమె మంచం వేశాం. బీరువా తలుపు జానెడే తెరుచుకుంటుంది. చెయ్యి దూర్చి, ఏ పుస్తకం అందితే ఆ పాఠం చెబుతున్నాను. పిల్లలు ఏమీ గమనించలేదు. అది వేరే బాధ.

త్వరగా నేర్చుకోండి.
మీ మరదలు


జూన్ 24

మరదలికి,

సూచిక: జూన్ 16 నాటి నీ ఉత్తరం.

విధానం అందింది. 'తడి పూర్తిగా ఆరనివ్వాలి' అన్న వాక్యం దగ్గర నాకు మీ అక్క గొంతు స్పష్టంగా వినబడింది. ఏ పనినైనా ఓపికతో ఆరబెట్టి చేసే మనిషి ఆమె. అడగ్గానే చెప్పిందంటే కోపం పైపైనే ఉందని గ్రహించాను.

మొదటి ప్రయత్నం నివేదిక. ఏ గుడ్డ మీద పరచాలో ఉత్తర్వులో లేదు. నా తువ్వాలు వాడాను. దాని నీలం రంగు ముక్కలకు కొంత అంటింది. నూనె కాగిందో లేదో తెలుసుకునే ఉపాయం కూడా లేకపోవడంతో, పొగ వచ్చాక కాగినట్టు నిర్ధారించాను. ముక్కలు వేయగానే పక్కింటావిడ తలుపు కొట్టింది.

"ఏవండీ, లోపల ఏదన్నా కాలుతోందా?"

"వంట జరుగుతోంది" అన్నాను.

"అయితే సరే, కానివ్వండి" అని కదలకుండా నిలబడింది. "మీ ఆవిడ లేరా?"

"తాత్కాలిక బదిలీ మీద వెళ్ళింది."

"అదీ! నేననుకుంటూనే ఉన్నాను, ఈమధ్య మీ ఇంట్లోంచి మంచి వాసనలు రావడం లేదని."

ఆ వ్యాఖ్య నమోదు చేయలేదు. వేపుడు పైన మాడింది, లోపల పచ్చిగా ఉంది. తిన్నాను.

ఈ కింది సందేహాలకు మీ అక్క నుండి వివరణ కోరడమైనది. 'కాసేపు' అనగా ఎంతసేపు? 'తగినంత' అనగా ఎవరికి తగినంత? కెలక్కూడదన్నది మొదట్లోనా, ఆసాంతమా? తువ్వాలు సంగతి ఆమెకు చెప్పినపుడు నవ్విందా? ఈ చివరిది వేపుడుకు సంబంధించినది కాదు, అయినా తెలియజేయవలెను.

వివరణ రాగానే రెండో ప్రయత్నం చేయడానికి సిద్ధంగా ఉన్న,
మీ బావ


జూలై 2

బావగారికి,

అక్క చెప్పిన జవాబులు. కాసేపు అంటే మీరు పేపరు చదివేంతసేపు. మీరు చదివేంత కాదు, మామూలు మనుషులు చదివేంత. కాగిందో లేదో తెలియాలంటే ఒక ముక్క వేసి చూడాలి. వెంటనే పైకి తేలితే కాగినట్టు. ఒక వైపు ఎర్రబడేదాకా గరిట పెట్టకూడదు. తగినంత అంటే తినేవాళ్ళకు. ఇంట్లో తినేది మీరొక్కరే కాబట్టి ఈ విషయంలో ప్రస్తుతం వివాదం లేదు.

నవ్వింది.

మీరు కాస్త వేగం పెంచాలి బావగారూ. నిన్న రాత్రి భోజనాల దగ్గర అక్క, "చాలా బాగుంది మరిదిగారూ, ఇంకొంచెం వెయ్యండి" అంది. మా ఆయన మొహం మీరు చూడాల్సింది. పరీక్ష పాసైన పిల్లాడిలా గిన్నె పట్టుకుని లేచారు. తర్వాత ఆ గదిలో వీళ్ళిద్దరూ పచ్చళ్ళ గురించి, చిన్నప్పటి అన్నాల గురించి మాట్లాడుకుంటూనే ఉన్నారు. నేను ఈ గదిలో జవాబు పత్రాలు దిద్దుతున్నాను. నేను లేచి వెళితే ఇద్దరూ మర్యాదగా ఆపేసి, "కాలేజీలో పని ఎక్కువగా ఉందా?" అని అడుగుతారు. నా ఇంట్లో నన్ను చుట్టాన్ని పలకరించినట్టు పలకరిస్తున్నారు.

ఆడపడుచులా వచ్చి ఉన్న అక్కను పొమ్మని చెల్లెలు అనకూడదు. అందుకే మీరు నేర్చుకోవాలి.

మీ మరదలు


జూలై 15

మరదలికి,

విషయం: వేపుడు – కార్యసాధన – తెలియజేయుట.

నిన్న మధ్యాహ్నం వేపుడు సిద్ధించింది. ముక్కలు విడివిడిగా, ఎర్రగా, అంచులు కరకరలాడుతూ వచ్చాయి. వెల్లుల్లి దంచి వేయగానే వచ్చిన వాసనకు నాకు కళ్ళు చెమర్చాయి. వంటింటి కిటికీ మూసి ఉండడం కూడా ఒక కారణం కావచ్చు. ముప్పై ఏళ్ళు మీ అక్క చేతి వేపుడు తిన్న నాలుక నాది. అణువంత తేడా లేదు. కళ్ళు మూసుకుని తింటే ఆమె పక్కన నిలబడి "ఇంకో గరిటె వెయ్యనా?" అన్నట్టే ఉంది.

ఎదురుగా ఎవరూ లేనందున అభిప్రాయం వెలిబుచ్చడంలో కొన్ని పాలనాపరమైన ఇబ్బందులు ఎదురయ్యాయి. ఒకసారి పైకే అన్నాను. గోడలు కొత్తగా సున్నం వేసినవి గనుక మాట గదంతా తిరిగి నా దగ్గరికే వచ్చింది. మళ్ళీ అనలేదు.

ఆమె వచ్చి స్వయంగా తనిఖీ చేయవలసిందిగా నా తరఫున కోరవలెను. తనిఖీ అన్న మాట వాడవద్దు. నూనె చింది మణికట్టు మీద మినపగింజంత బొబ్బ లేచింది. ఇది సమాచారం నిమిత్తమే; సానుభూతి నిమిత్తం కాదు.

ఆమె రాక కోసం రెండో కుర్చీ దుమ్ము దులిపిన,
మీ బావ


జూలై 21

బావగారికి శుభవార్త.

వచ్చే ఆదివారం మధ్యాహ్నం అక్క వస్తోంది. వేపుడు తినడానికి రమ్మంటే రాదు కాబట్టి చెయ్యి కాలిందన్నాను. మినపగింజంత అంటే కదలదు కాబట్టి ముంజేతి దాకా అన్నాను. మీరు ఒక గుడ్డ చుట్టుకోండి. మా ఆయన షాపు నుంచి మందు తీసుకొస్తుంది, రాయించుకోండి, అరవకండి.

ఇంకొక్క మాట, ఇది ముఖ్యం. వేపుడు ఎలా నేర్చుకున్నారంటే మీ అంతట మీరే నేర్చుకున్నానని చెప్పండి. నేను నడుమ ఉన్నానని గాని, అక్క చెప్పి పంపిందని గాని ఎత్తకండి. ఆమెకు చిన్నతనంగా ఉంటుంది. మామూలు భర్తలా వడ్డించి, మామూలు భర్తలా నోరు మూసుకుని కూర్చోండి. రెండోది మీకు అలవాటు లేదని తెలుసు. ఒక్క పూట.

ఆదివారం సాయంత్రం కల్లా నా బీరువా తలుపు పూర్తిగా తెరుచుకోవాలని కోరుకుంటూ,
మీ మరదలు


జూలై 30

బావగారూ,

అభినందనలు! ఆదివారం వెళ్ళిన అక్క రాత్రికి తిరిగి రాలేదు. సోమవారం నేను కాలేజీలో ఉండగా వచ్చి పెట్టె కూడా పట్టుకెళ్ళిందట. మా ఆయన చెప్పారు, అంతకుమించి ఏమీ చెప్పలేదు. ఆయనకు ఆమె వెళ్ళిపోయిందని బెంగ లాగుంది. రెండు రోజులుగా ముక్తసరిగా ఉన్నారు. నాకు చెప్పకుండా వెళ్ళడం కొంచెం కష్టంగా తోచింది గాని, ఇన్నాళ్ళకు సొంతింటికి వెళ్ళే తొందరలో ఎవరికైనా చెల్లెలు గుర్తుంటుందా!

మంచం విప్పించి అటక మీద వేయించాను. వేపుడు ఒక సంసారాన్ని నిలబెట్టగలదని ఏ తర్కశాస్త్ర గ్రంథంలోనూ లేదు. మీరు నిరూపించారు. ఆమె ఏమందో, ఏం తిందో పూర్తిగా రాయండి. అక్క చేత రెండు ముక్కలు రాయించండి.

మీ మరదలు


జూలై 30

మరదలికి,

విషయం: ఆదివారం నాటి సంఘటనలు – సంజాయిషీ కోరుట గురించి.

మీ అక్క మధ్యాహ్న భోజన వేళకు వచ్చింది. చెప్పులు విప్పకుండానే నా చేతి గుడ్డ విప్పింది.

"ఇదేనా?"

"ఇదే."

"చెయ్యి ఉంటుందో ఊడుతుందో అన్నట్టు చెప్పిందే మా చెల్లి!" అని, మందు సీసా బల్ల మీద పెట్టి, వచ్చింది కదా అని కూర్చుంది. నేను వడ్డించాను. ఒక ముద్ద తిని నా వైపు చూసింది.

"వెల్లుల్లి వేశారా?"

"వేశాను."

"బాగుందండీ. నిజంగా బాగుంది. ఎవరు నేర్పారు?"

నీ హెచ్చరిక నాకు గుర్తుంది. అయితే ఉద్యోగ జీవితంలో ఏ పని ఏ ఉత్తర్వు ప్రకారం చేశానో పేర్కొనకుండా నేను ఒక్క కాగితం కదిలించి ఎరగను. ఆమె చేసిన మేలు ఆమెకే తెలియనట్టు నటించడం కృతఘ్నత అనిపించింది. "నువ్వు చెప్పి పంపినట్టే చేశాను" అన్నాను.

"నేనెప్పుడు చెప్పాను?"

"మీ చెల్లి చేత."

"నేను దానికేం చెప్పలేదే? ఇది మా మరిది చేసే వేపుడు. రోజు విడిచి రోజు తింటున్నాను, నాకు తెలీదా?"

అక్కడితో నేను ఊరుకుని ఉండవలసింది. "కాదు, అచ్చం నీ చేతి రుచే. అణువంత తేడా లేదు" అన్నాను. ఆమెను సంతోషపెట్టాలనే అన్నాను. ఆమె తినడం ఆపింది.

"నా చేతి రుచి ఇదా?"

"ఇన్నేళ్ళు తిన్నవాణ్ణి, నాకు తెలియదా?"

"నేను దుంపలు ఉడకబెట్టి, తొక్క తీసి, పెద్ద ముక్కలు కోసి వేయిస్తానండీ. ఆవాలు, మినప్పప్పు తాలింపు. అల్లం, పచ్చిమిర్చి నూరి వేస్తాను. కారప్పొడి వెయ్యను. వెల్లుల్లి వాసన పడదని పెళ్ళైన కొత్తలో మీరే అన్నారు. ఆ తర్వాత ఈ ఇంట్లోకి వెల్లుల్లి తేలేదు."

నాకు పడదన్న సంగతి నాకు తెలియదు. ఆ మాటే అన్నాను.

ఆమె కోప్పడలేదు. కోప్పడి ఉంటే నాకు అలవాటైన దారిలోకి వచ్చేది. "రోజూ ఏదో ఒకటి అంటుంటే, పోనీలే, శ్రద్ధగా తింటున్నాడు కదా అనుకునేదాన్ని" అంది. కంచంలోది మొత్తం తిని, కంచం కడిగి బోర్లించి వెళ్ళిపోయింది.

ఇంతకూ నేను నెల రోజులు తువ్వాళ్ళు పాడుచేసి సాధించినది నా తోడల్లుడి వేపుడని తేలింది. ఆమె గొంతు వినబడిందని రాసిన చోట వినబడింది ఆయన గొంతన్నమాట. 'నవ్వింది' అని రాశావు. ఎవరు నవ్వారు? దీనికి వెంటనే సంజాయిషీ ఇవ్వవలెను.

అంతకంటే ముందు మీ అక్కతో చెప్పు: ఉడకబెట్టే వేపుడు కూడా నేర్చుకుంటానని. ఈసారి ఆమె నోటితోనే చెప్పమని. నీ నోటితో వద్దు.

మీ బావ


ఆగస్టు 5

బావగారికి,

మన ఉత్తరాలు దారిలో ఒకదాన్నొకటి దాటి ఉంటాయి. నాది నవ్వుకుంటూ పోయి ఉంటుంది.

అక్క ఇక్కడ లేదు. మీ ఇంట్లో ఉందనుకుని నేను మంచం విప్పించాను. మా ఇంట్లో ఉందనుకుని మీరు కబురు పంపారు. మీ ఉత్తరం చదివి మా ఆయన్ని నిలదీశాను.

"అక్క ఎక్కడికెళ్ళింది?"

"ఉంది. బాగానే ఉంది."

"ఎక్కడ?"

"చెప్పొద్దన్నారు."

"నేను చెల్లెల్నండీ!"

"అందుకే చెప్పొద్దన్నారు."

పెట్టె ఆటో దాకా మోసింది ఆయనేనట. ఆటోలో ఎక్కి, ఆదివారం సాయంత్రమే ఆమె అద్దెకు తీసుకుని ఉండిపోయిన కొత్త గది దాకా వెళ్ళి దింపి వచ్చింది కూడా ఆయనే. గ్యాస్ పొయ్యి కూడా ఆయనే బిగించారట. "నీ ముందు గది నీకు కావాలంటే నన్నే అడగాల్సింది, ఆ రోజే లేచి వెళ్ళేదాన్ని" అని నాకు చెప్పమందట అక్క. అది మాత్రం చెప్పమన్నదట.

సంజాయిషీ అడిగారు. ఇస్తాను. అబద్ధం చెప్పాను. గుమ్మంలో నిలబడి, మా ఆయన వేయిస్తుంటే చూసి రాసుకుని పంపాను. నవ్వింది నేను. అయితే అక్కను అసలు అడగలేదనుకోకండి. మీ మొదటి ఉత్తరం వచ్చిన రోజే, మీ పేరెత్తకుండా, నీ వేపుడు ఎలా చేస్తావు అని అడిగాను. "మీ బావకు తెలిసుంటుంది, రోజూ తింటారుగా. ఆయన్నడుగు" అంది. ఆ మాట మీకు రాసి ఉంటే మీరేమని జవాబు రాసేవారు? నేను మీకు చెప్పిన అబద్ధాన్ని ఆ వంట తిన్న ఏ మనిషైనా మొదటి ముద్దలో పట్టుకుని ఉండేవాడు. ఒక్క మిమ్మల్ని నమ్ముకునే నేను అంత ధైర్యం చేశాను. నమ్మకం వమ్ము కాలేదు.

బీరువా తలుపు పూర్తిగా తెరుచుకుంటోంది. మా ఆయన ఎప్పట్లాగే వండి పెడుతున్నారు. నిన్న "బాగుంది" అన్నాను. మజ్జిగ గిన్నె నా వైపు జరిపి, షాపుకు వెళ్ళిపోయారు.

మీ మరదలు


ఆగస్టు 14

మరదలికి,

నీ ఉత్తరం చదివాను.

మీ ఆయన షాపుకు వెళ్ళాను. నలుగురు మందులు కొనుక్కుని పోయేదాకా బల్ల పక్కనే నిలబడ్డాను. ఎక్కడుందని అడగలేదు, అడిగి ఆయన్ని ఇబ్బంది పెట్టడం ఎందుకని. "ఏం తింటోంది?" అన్నాను.

"వండుకుంటున్నారండీ" అన్నాడు. "పోయిన ఆదివారం నాకూ పెట్టారు."

"ఏం పెట్టింది?"

ఆయన జవాబు చెప్పబోయి, నా మొహం చూసి, చీటీ పట్టుకుని వచ్చిన ఇంకెవరితోనో మాట్లాడసాగాడు. నేను వచ్చేశాను.

వస్తూ అల్లం, పచ్చిమిర్చి కొన్నాను. ఆమె కంచం ముందు కూర్చుని చెప్పిన మాటలు నాకు వరుసగా గుర్తున్నాయి. ఉడకబెట్టి, తొక్క తీసి, పెద్ద ముక్కలు కోసి, ఆవాలూ మినప్పప్పూ చిటపటలాడాక వేశాను. అల్లం నూరి వేశాను. ఏ సందేహమూ రాలేదు. మాడలేదు. పక్కింటావిడ కిటికీలోంచి, "మీ ఆవిడ వచ్చేశారా?" అని కేకేసింది. "లేదు" అన్నాను.

కంచంలో పెట్టుకుని తిన్నాను. కుదిరిందో లేదో తేల్చుకుందామని మెల్లగా తిన్నాను. ఆమె చేసింది దీనికంటే మెత్తగా ఉండేదా, కారంగా ఉండేదా, అల్లం ఇంకా ఎక్కువ వేసేదా అని ప్రతి ముద్ద దగ్గరా ఆగి ఆలోచించాను. ఉప్పు ఎక్కువైందని నేనన్న రోజులు గుర్తొచ్చాయి. తక్కువైందని అన్న రోజులూ గుర్తొచ్చాయి. నేను అన్న మాటలన్నీ గుర్తున్నాయి. వేపుడు గుర్తు రాలేదు.

ఇది ఆమె వేపుడే కావచ్చు. ఇన్నేళ్ళూ నేను తిన్నది ఇదే కావచ్చు. ఈ ఇంట్లో అది తెలిసిన మనిషి ఎవరూ లేరు.

మీ బావ